ఆకు లోపలి దొంగ

మొక్కలు చచ్చిపోతున్నాయని ఫోన్ వచ్చేసరికి సోమవారం ఉదయం ఏడున్నర. అన్నమ్మ వీపు మీద అప్పటికే మందు పంపు ఉంది.

నర్సరీ యజమాని జనార్దన్ ఫోన్‌ని చెవికి బెత్తెడు దూరంలో పట్టుకుని విన్నాడు. అవతలి గొంతు అంత గట్టిగా ఉంది. కోదాడ శివారులో, హైవే పక్కన ఉన్న ఆ నర్సరీలో పనిచేసే పదిమందీ చేతులు ఆపకుండానే చెవులు అటు పెట్టారు. ఫోన్ చేసింది వేములపల్లి రైతు వెంకటేశం. పది రోజుల కిందట నాలుగు వందల బత్తాయి అంట్లు ట్రాక్టర్‌లో ఎక్కించుకుని పోయినాయన.

"ఆకులు ముడుసుకుపోయినయి. తెల్లగ చారలు వచ్చినయి. మిర్యాలగూడల మందుల దుకాణపాయనకు ఫోటో సూపిచ్చిన. గడ్డి మందు తగిలిందన్నడు. నీ దగ్గర్నే తగిలిందన్నడు. ఆదివారం దాకా సూస్త. ఆదివారం పదింటికి అన్నీ పీకి, ట్రాక్టర్ల తెచ్చి నీ గేటు ముంగట పోస్త. వీడియో తీసి బత్తాయి రైతుల గ్రూపులన్నిట్ల పెడ్త."

ఫోన్ జేబులో పడింది. జనార్దన్ తిన్నగా అన్నమ్మ వైపు చూశాడు.

ఆ నర్సరీలో కలుపును చంపే గడ్డి మందుకీ, పురుగు మందుకీ ఒకటే పంపు. రెండూ కొట్టేది అన్నమ్మే. మగవాళ్లు పంపు ఎత్తితే మళ్ల మధ్య కాళ్లకు మొక్కల పాలిథిన్ సంచులు తగిలి దొర్లుతాయి. ఆమె నడిస్తే ఒక్క సంచి కదలదు. అందుకే పంపు ఆమె చేతికొచ్చింది.

"గడ్డి మందు కొట్టిన పంపుతోనే మొక్కలకి కొట్టావా?" అన్నాడు జనార్దన్.

"కడిగి కొట్టిన సార్. మూడు నీళ్లు కడుగుత. మూడో నీళ్లు బీరపాదు మీద పోస్త."

"బీరపాదేంటి?"

అన్నమ్మ కుళాయి వైపు చెయ్యి చూపింది. కుళాయి గద్దె పక్కన మూడు కట్టెల మీదికి పాకిన బీరపాదు ఉంది. ఆమె పెట్టుకున్నదే. మొదటి నీళ్లు దూరంగా గుంటలో పోస్తుంది. రెండో నీళ్లు అదే గుంటలో. మూడో నీళ్లు పాదు ఆకుల మీద. తెల్లారి పాదు తల ఎత్తుకుని ఉంటే పంపు మొక్కల దగ్గరికి పోతుంది. వాలిపోతే మళ్లీ కడుగుడే. ఆ పాదు కాయలు ఎవరూ తినరు. ఎండి పీచయ్యాక ఆ పీచుతోనే పంపు తోముతుంది.

"పాదు సూడండి సార్. పచ్చగున్నది."

జనార్దన్ చూడలేదు. "రేపు వెంకటేశం వచ్చి నిలదీస్తే బీరకాయలు తీసుకొచ్చి సాక్ష్యం చెప్పించమంటావా?"

పనివాళ్లు నవ్వారు. అందరికంటే పెద్దగా నవ్వింది నాగేష్. పనులు చూసే మేస్త్రీ అతనే.

"పంపు దించు," అన్నాడు జనార్దన్. "ఆదివారం దాకా రావద్దు. ఆయన చల్లబడితే చూద్దాం. చల్లబడకపోతే ఎవరో ఒకరిని చూపించాలి కదా అన్నమ్మా. పంపు నీ వీపు మీదే ఉండె మరి."

ఆమె భుజాల పట్టీలు విప్పింది. పంపు నేల మీద పెట్టింది. వీపు తేలికైంది. పోయేది ఈ ఒక్క పని కాదు. కోదాడలో ఏ నర్సరీ సంగతైనా సాయంత్రానికల్లా మిగతా నర్సరీలకు తెలిసిపోతుంది. గడ్డి మందు పోసిన అన్నమ్మ అని ఒక్కసారి పేరుపడితే ఆమె చేతికి ఎవరూ పంపు ఇవ్వరు.

"నాగేష్, వెంకటేశానికి ఇచ్చిన లాట్‌లో మిగిలినవాటికి కొసలు కత్తిరించి తగలబెట్టు," అని జనార్దన్ ఆఫీసు గదిలోకి పోయాడు.

అన్నమ్మ గేటు వైపు పోలేదు. వెనక మళ్ల వైపు నడిచింది. అదే లాట్‌లో మిగిలిన అంట్లు అక్కడ వరసగా ఉన్నాయి. ఒక ఆకు తుంచి ఎండకు అడ్డంగా పట్టింది. ఆకు మీద వెండి పూసినట్టు వంకర గీత. నత్త నడిచిపోయినట్టుంది. గీత మొదట్లో దారమంత సన్నగా ఉంది, పోనుపోను వెడల్పయింది. నడుమ నల్లటి వెంట్రుక లాంటి చార. కింది ముదురు ఆకుల్ని చూసింది. వాటికి ఏమీ లేదు. కొసన ఉన్న లేత చిగుళ్లకే ఈ రోగం. అమ్మకానికి ముందు యూరియా వేసి, రెండు పూటలా నీళ్లు కట్టి తెప్పించిన చిగుళ్లు.

గాజులకు తగిలించుకున్న పిన్నీసు తీసి, గీత ఆగిపోయిన చోట ఆకు పైతోలు లేపింది. తోలు ఉల్లిపొరలా లేచింది. కింద పసుపుపచ్చగా ఏదో ఉంది. బియ్యపు నూకలో సగం ఉంటుంది. దాన్ని వేలి కొసన పెట్టుకుని చూసింది. అది మెలికపడింది.

"నాగేషూ, జర ఇటు రా."

నాగేష్ కత్తెర పట్టుకుని వచ్చాడు. ఆమె వేలి కొస చూశాడు. "ఏముందక్కా? గోటి మట్టి."

"కదులుతున్నది సూడు."

"గాలికి," అన్నాడు, కొసలు కత్తిరించుకుంటూ పోయాడు.

అతను రెండో వరసలోకి పోయేలోపు అన్నమ్మ తన టిఫిన్ డబ్బాలోని అన్నాన్ని మూతలోకి మార్చింది. అంచులు ముడుచుకున్న ఆకులు పదిహేను ఏరి డబ్బాలో వేసింది. గేటు దాటుతుంటే వెనక చిగుళ్లు కాలిన పొగ లేచింది. గంట ఆలస్యమైతే ఒక్క ఆకు కూడా దొరికేది కాదు.

*

సూర్యాపేటలో ఉద్యాన అధికారి సంతోషి టేబుల్ మీద ఫైళ్ల కంటే ఎండిన కొమ్మలు ఎక్కువ. నిరుడు నర్సరీకి తనిఖీకి వచ్చినప్పుడు అన్నమ్మ ముక్కుకు గుడ్డ లేకుండా మందు కొట్టడం చూసి కోప్పడింది ఆమే. తరువాత తన బ్యాగులోని మాస్కు తీసి ఇచ్చింది, ఫోన్ నెంబర్ రాసిచ్చింది. ఆ నెంబర్ అన్నమ్మకు ఇప్పుడు పనికొచ్చింది; మర్నాడే డబ్బా పట్టుకుని వచ్చింది.

సంతోషి ఒక ఆకును భూతద్దం కింద పెట్టి చాలాసేపు చూసింది. పెదవి కొరుక్కుంది.

"ఇటు రండి అక్కా. చూడండి."

అన్నమ్మ ఒక కన్ను మూసి చూసింది. గీత కాలవలా కనిపించింది. కాలవ కొసన పసుపు పురుగు తల అటూ ఇటూ తిప్పుతోంది, కొడవలి తిప్పినట్టు.

"ఇది ఆకు మొత్తం కొరికి తినదు," అన్నది సంతోషి. "పైతోలు కిందకు దూరి రసం తాగుకుంట పోతది. తోలు కింద గాలి చేరుతది, అందుకే వెండి మెరుపు. నడుమ నల్ల చార దాని పెంట. గడ్డి మందు తగిలితే ఆకు పాలిపోతది, మాడుతది. గిట్ల ముగ్గు పెట్టదు."

అన్నమ్మ భూతద్దం నుంచి తల ఎత్తింది. "అయితే గదే కాగితం మీద రాసియ్యండి మేడం."

"పురుగు ఉన్నదని రాస్త. కానీ గడ్డి మందు ముందు తగిలింది, పురుగు తర్వాత వచ్చింది అంటే? ఇంకోటి, టమాటకు, చిక్కుడుకు ఇట్లాంటి గీతలే గీసే ఈగలు కూడా ఉన్నయి. పిల్ల పురుగును చూసి నేను పేరు రాయను. తల్లి పురుగు కావాలె. రెక్కలొచ్చిన తల్లి పురుగు దొరికితే పేరు చెప్తా. పేరు తెలిస్తే అది ఎప్పుడు గుడ్డు పెట్టింది, ఏ ఆకుల మీద పెడతది, అన్నీ చెప్పొచ్చు."

ఆమె ఆకుల్ని ఒక్కొక్కటే తిప్పి చూసింది. పదిహేనింటిలో నాలుగు పక్కన పెట్టింది. ఆ నాలుగింటి అంచులు చాప చుట్టినట్టు లోపలికి మడిచి ఉన్నాయి.

"ఈగ పిల్లయితే ఎదిగినంక ఆకులోంచి బయటపడి మట్టిలకు పోతది. ఇది ఆకు అంచునే మడుచుకుని లోపల గూడు కట్టుకున్నది. ఈ నాలుగు మడతల్ల నాలుగు గూళ్లున్నయి. సీసాలో పెట్టండి. కాడలకు తడి దూది చుట్టండి. మూత బిగించొద్దు, గుడ్డ కట్టండి. నీడన ఉంచండి."

"ఎన్ని రోజులకు వస్తది?"

"నాలుగు రోజులు పట్టొచ్చు, ఐదు పట్టొచ్చు."

అన్నమ్మ వేళ్ల మీద లెక్కపెట్టింది. మంగళవారం. ఆదివారం పదింటికి ట్రాక్టర్.

*

పచ్చడి సీసా కడిగి, ఆరబెట్టి, అడుగున కాగితం పరిచి, నాలుగు ఆకులూ నిలబెట్టింది. పాత దోమతెర ముక్క కట్టింది. సీసాను గూట్లో, బైబిల్ పక్కన పెట్టింది.

ఆటో నడిపే భర్త యేసయ్య వచ్చి సీసా ఎత్తబోయాడు. "ఏందిది, కొత్త పచ్చడా?"

"ముట్టకు. అండ్ల నా పని ఉన్నది."

"నీ పని ఇంత చిన్నదని తెల్వదు నాకు," అన్నాడతను, సీసాలోకి ఒక కన్నుతో చూస్తూ.

బుధవారం సాయంత్రానికి సీసా లోపల చెమటలు పట్టాయి. దూదికి నీళ్లు ఎక్కువయ్యాయి. గురువారం పొద్దున చూస్తే రెండు ఆకులు నల్లబడి జిగురు కట్టాయి. అన్నమ్మ పిన్నీసుతో మడత విప్పింది. లోపల గూడు కుళ్లిపోయి ఉంది. రెండోదీ అంతే. ఆమె కాగితం మార్చింది. దూది పిండింది. కట్టెల పొయ్యి పెట్టుకున్న గోడకు దూరంగా, గాలి తగిలే కిటికీ దగ్గరికి సీసాను మార్చింది. రెండు మిగిలాయి.

పొద్దంతా ఏ పనీ లేక చేతులు ఊరుకోలేదు. వాకిలి రెండుసార్లు ఊడ్చింది. పక్క నర్సరీలో పనిచేసే ఆమె నీళ్ల కాడ కనపడి, "అన్నమ్మక్కా, మీ దగ్గర గడ్డి మందు సంగతి నిజమేనా?" అని అడిగింది. మాట అప్పుడే రోడ్డు దాటింది. అన్నమ్మ బిందె నిండకుండానే ఎత్తుకుని వచ్చేసింది.

శుక్రవారం తెల్లవారుజామున ఆమె లేచేసరికి ఒక మడత తెరిచి ఉంది. మడత నోట్లోంచి గోధుమరంగు పెంకు బయటికి పొడుచుకుని ఉంది. చీమ కాలంత పెంకు. లోపల ఖాళీ.

తల్లి పురుగు బయటికి వచ్చింది. కానీ సీసాలో లేదు. ఆకు కింద లేదు. కాగితం మీద లేదు. దూదిలో లేదు.

యేసయ్య లేచి వచ్చి దోమతెర ముక్కను వెలుతురుకు పట్టాడు. "ఈ తెరల దోమలే ఆగుత లేవు రాత్రంత. నీ పురుగు ఆగుతదా?"

అన్నమ్మ గోడకు ఆనుకుని కూర్చుంది. ఆమె పంపు నాజిల్‌లో దుమ్ము పడకుండా మూడు పొరల గుడ్డతో నీళ్లు వడగట్టే మనిషి. సీసాకు మాత్రం చిల్లుల తెర కట్టింది.

యేసయ్య దండెం దగ్గరికి పోయాడు. తరువాత తన ఆదివారం తెల్ల చొక్కా జేబులోంచి చేతిరుమాలు తీసుకొచ్చి సీసా మూతికి కప్పి, ఆటో స్టీరింగ్‌కు చుట్టే రబ్బరుతో రెండు చుట్లు బిగించాడు. "ఇంకోటున్నది గదా. ఇగ దొంగ యాడికి పోతడో సూస్త."

శనివారం ఏమీ జరగలేదు. అన్నమ్మ పొద్దున చూసింది, మధ్యాహ్నం చూసింది, దీపం పెట్టే వేళ చూసింది. ఆ ఒక్క మడత అట్లాగే బిగుసుకుని ఉంది. సంతోషి ఫోన్ చేసింది. "రేపు నేను సూర్యాపేట నుంచి తిన్నగా వేములపల్లి వస్త. పురుగు బయటికి వచ్చినా, రాకపోయినా సీసా తీసుకురండి."

ఆదివారం ఐదున్నరకు వెలుతురు ఇంకా పలచగా ఉంది. అన్నమ్మ సీసాను చేతిలోకి తీసుకుంది. మడత తెరిచి ఉంది. ఆమె సీసాను మెల్లగా తిప్పింది.

ఆకు మీద వెండి రజను ఒకటి నిలబడి ఉంది. ఆవగింజ పొడవు. తల వైపు కొంచెం ఎత్తి, ముందరి కాళ్ల మీద లేచి కూర్చుంది. వెనక కొసన పెన్సిల్‌తో పెట్టినట్టు నల్ల చుక్క.

"ఓ యేసయ్యా," అన్నది. అతను దేవుణ్ణి పిలిచిందనుకుని కదల్లేదు. రెండోసారి పిలిస్తే లేచి, ఆమెను బస్టాండులో దింపడానికి ఆటో తాళాలు వెతికాడు.

*

కోదాడ నుంచి మిర్యాలగూడ బస్సులో అన్నమ్మ సీసాను ఒడిలో, రెండు మోకాళ్ల మధ్య పెట్టుకుంది. గుంత వచ్చిన ప్రతిసారీ రెండు చేతులూ సీసా చుట్టూ వేసింది. పక్క సీట్లో ఉన్న పెద్దావిడ చేతిరుమాలు వైపు, సీసా వైపు చూసింది.

"అండ్ల ఏమున్నది బిడ్డా?"

"పురుగు."

పెద్దావిడ తన సంచి ఎత్తుకుని వెనక సీటుకు పోయింది. అన్నమ్మకు ఆ వారంలో మొదటిసారి నవ్వొచ్చింది.

మిర్యాలగూడలో దిగి, ఇంకో బస్సు ఎక్కి వేములపల్లి చేరేసరికి తొమ్మిదీ ముప్పావు. తోట ఊరి బయట, వరి మళ్లు దాటాక ఉంది. గట్టు మీద ట్రాక్టర్ నిలబడి ఉంది. ఇద్దరు మనుషులు పారలతో అప్పుడే మొదలుపెట్టారు. పన్నెండు మొక్కలు వేళ్లకు మట్టితో సహా పక్కన పడి ఉన్నాయి. జనార్దన్ మోటార్ సైకిల్ మీద వచ్చి ఉన్నాడు. వెనక నాగేష్. జనార్దన్ చేతులు జోడించి వెంకటేశానికి ఏదో చెబుతున్నాడు.

అన్నమ్మను చూసి ఆగాడు. వెంకటేశం వైపు తిరిగి, "ఇదిగో, మందు కొట్టింది ఈమే. మీ ముందే అడగండి," అన్నాడు.

వెంకటేశం యాభై దాటిన మనిషి. నెత్తికి తువ్వాల చుట్టుకుని ఉన్నాడు. "నీకేం పగనమ్మా నా మీద? ఒకటా రెండా, నాలుగు వందల సెట్లు."

అన్నమ్మ సీసాను ట్రాక్టర్ బానెట్ మీద, నీడ పడే వైపు పెట్టింది. "మేడం వస్తున్నది. అరగంట ఆగమనండి పెద్దయ్యా. పార ఆపమనండి."

"ఏమున్నది సీసల?"

"దొంగ."

వెంకటేశం వంగి చూశాడు. ఏమీ కనిపించలేదు. కళ్లద్దాలు తెచ్చుకుని చూశాడు. "ఇదా? ఈ నూకంత పురుగా నా తోట తిన్నది?"

"ఇది తినలే. దీని పిల్లలు తిన్నయి."

సంతోషి స్కూటీ పదీ పదికి వచ్చింది. బ్యాగులోంచి గాజు గొట్టం తీసి, చేతిరుమాలు కిందగా దూర్చి, పురుగు దానంతటది గొట్టంలోకి నడిచేదాకా ఆగింది. భూతద్దం పెట్టింది. అందరూ ఆమె ముఖం చూస్తున్నారు.

"తెల్ల రెక్కలు. గోధుమరంగు చారలు. కొసన నల్ల చుక్క. అంచుల పొంటి ఈకల కుచ్చు." ఆమె తల ఎత్తింది. "ఈగ కాదు. నిమ్మ జాతి చెట్లకు వచ్చే ఆకు తొలిచే పురుగు. గడ్డి మందు కాదు వెంకటేశం గారూ. మీ మొక్కల ఆకు ఒకటి తెండి."

ఆమె ఆకు తోలు లేపి, నల్ల చార చూపింది. మడత విప్పి, ఖాళీ పెంకు చూపింది. వెంకటేశం భూతద్దం తీసుకుని అటూ ఇటూ తిప్పి చూశాడు. పారల మనుషులు కూడా వచ్చి చూశారు.

జనార్దన్ గొంతు సవరించుకున్నాడు. "సరే. గడ్డి మందు కాదు, పురుగే. మరి పురుగు మందు కొట్టేది కూడా నువ్వే కదా అన్నమ్మా? సరిగ్గా కొడితే పురుగెందుకు వచ్చింది?"

సీసాలో ఐదు రోజులు కాపాడుకున్న సాక్ష్యం ఒక్క మాటతో అన్నమ్మ మీదికే తిరిగింది. వెంకటేశం మళ్లీ ఆమె వైపు చూశాడు.

ఆమె ఒక మొక్క ముందు కూర్చుంది. కింది ఆకుల్ని ఒక్కొక్కటే పట్టి చూపింది. "ఈటికి లేదు. ఈటికి లేదు. ఈ కొసలకే ఉన్నది. మేడం, ముదురాకుల ఎందుకు పెట్టలే గుడ్లు?"

"పెట్టదు. లేత ఇగురు మీదనే పెడతది. లోపలికి పోయినంక పైన కొట్టిన మందు దానికి సరిగ తగలదు. ఇగురు ఎంత ఎక్కువొస్తే పురుగు అంత ఎక్కువ. ఒక్కసారిగా ఇంత ఇగురు ఎట్ల వచ్చింది? యూరియా వేసిన్రా?"

జనార్దన్ వరి మళ్ల వైపు చూస్తున్నాడు. ఆకులు నిగనిగలాడితేనే గిరాకీ అని ఆయన ఎప్పుడూ అనే మాట అన్నమ్మ నోటిదాకా వచ్చింది. ఆమె అనలేదు. అంటే ఉన్న పనీ పోతుంది.

అన్నది నాగేష్.

"సారే ఏయమన్నడు మేడం. అమ్మకానికి పది రోజుల ముందు. నేనే ఏసిన." అతను చెప్పు కొసతో మట్టి గీరుతూ ఉన్నాడు. "ఇంకోటి. బుధవారం గడ్డి మందు నేను కొట్టిన, అక్క లేదు గదా. కొట్టి, పంపు కడిగిన. అక్క పోసినట్టే బీరపాదు మీద పోసిన. సూద్దామని పోసిన. తెల్లారేసరికి పాదు మాడి ముద్దయింది. రెండుసార్లే కడిగిన నేను. మూడేండ్ల సంది అక్క మూడో నీళ్లు పోస్తున్నది. ఒక్కనాడు వాలలే." అతను అన్నమ్మను చూడకుండానే అన్నాడు, "గురువారం పొద్దుగాలే చెప్పాలనుకున్న అక్కా. చెప్పలేకపోయిన."

వెంకటేశం జనార్దన్ వైపు ఒక్కసారి చూశాడు. ఆయనకు కావలసింది వేరే ఉంది. "అయితే మేడం, ఇవి చస్తయా, బతుకుతయా? గది జెప్పు."

సంతోషి నోరు తెరిచేలోపు వెనక నుంచి గాజుల చప్పుడు వినిపించింది. వెంకటేశం భార్య గోపమ్మ మంచినీళ్ల చెంబు పట్టుకుని వచ్చి, సంతోషి చేతిలోని ఆకు వైపు చూస్తోంది.

"ఇవేనా మీరు అనే గీతలు?" అన్నది. "ఇవి మన నిమ్మచెట్టుకు ఎప్పుడూ ఉంటయి గదా."

"ఏ నిమ్మచెట్టు?" అన్నాడు వెంకటేశం.

"మనకెన్ని నిమ్మచెట్లున్నయి? బోరు కాడిది."

అందరూ ఆమె వెంట బోరు దగ్గరికి నడిచారు. మోటారు గది పక్కన నిమ్మచెట్టు గుబురుగా ఉంది. గోపమ్మ ఒక లేత కొమ్మ వంచి పట్టుకుంది. ఆకుల మీద వెండి గీతలు, అంచుల మడతలు. ముడుచుకున్న ఆ ఆకుల వెనక, చేతికందే ఎత్తులో, పచ్చటి కాయలు గుత్తులు గుత్తులుగా ఉన్నాయి. చెట్టు కింద పండి రాలినవి పసుపుగా పడి ఉన్నాయి.

"నిరుడు ఉన్నయి, అంతకుముందు ఉన్నయి. తొక్కు పెట్టలేదా మరి? నువ్వు తినలేదా?"

వెంకటేశం తువ్వాల తీసి ముఖం తుడుచుకున్నాడు. "మరి నాకు చెప్పవైతివి."

"నువ్వు నన్నడగవైతివి. మిర్యాలగూడకు పోయి అడిగితివి."

ముందు నవ్వింది పార పట్టుకున్న మనిషి. తరువాత సంతోషి. వెంకటేశం నవ్వలేదు గానీ, తువ్వాలను మళ్లీ నెత్తికి చుట్టుకునేటప్పుడు ఆయన చేతులు తేలికగా కదిలాయి.

"చావవు," అన్నది సంతోషి. "ఎదుగుడు జర ఆలస్యమైతది. ఈ ఆకుల్ని కత్తిరించొద్దు, కత్తిరిస్తే మళ్లా ఇగురు వస్తది, మళ్లా పురుగు వస్తది. యూరియా బంద్. ఇప్పుడు ఏ మందూ వద్దు. తర్వాతి ఇగురు వేలెడు ఉన్నప్పుడు వేప నూనె కొట్టండి. రాసిస్త."

అన్నమ్మ అప్పటికే గట్టు దిగి పోయింది. పీకేసిన పన్నెండు మొక్కలూ ఎండకు వాడిపోతున్నాయి. ఒక మొక్కను గుంటలో నిలబెట్టి, మట్టి లాగి, మడమతో చుట్టూ అదిమింది. రెండోది నిలబెట్టేసరికి ఇంకో జత చేతులు వచ్చి మొక్కను పట్టుకున్నాయి. నాగేష్. మూడోదానికి వెంకటేశం చెంబుతో నీళ్లు పోశాడు.

"నువ్వు ముందుగాల తిననీకె కూసో తల్లీ," అన్నాడు.

"పన్నెండే గదా పెద్దయ్యా. అయిపోతయి."

జనార్దన్ మోటార్ సైకిల్ దగ్గర ఒక్కడే నిలబడి ఉన్నాడు. ఎనిమిదో మొక్క వంతు వచ్చేసరికి తనూ వచ్చి, గుంటలో రాళ్లు ఏరివేశాడు. అన్నమ్మ అతని వైపు చూడకుండానే మొక్క నిలబెట్టింది.

*

సోమవారం ఉదయం ఏడింటికి అన్నమ్మ కుళాయి గద్దె దగ్గరికి వచ్చింది. నాగేష్ చెప్పినట్టే ఉంది. మూడు కట్టెల మీద బీరపాదు గోధుమరంగు తాళ్లలా వేలాడుతోంది. ఆకులు చేత్తో ముడితే పొడి అయ్యాయి. ఒక్క ఆకు మీద కూడా గీత లేదు.

గద్దె మీద రెండు పంపులు ఉన్నాయి. ఒకటి ఆమె పాత పంపు. రెండోది అట్టపెట్టెలోంచి అప్పుడే తీసిన కొత్తది. దాని ట్యాంకు మీద ఎర్ర రంగుతో అడ్డంగా పెద్ద గీత గీసి ఉంది. రంగు ఇంకా ఆరలేదు.

"గడ్డి మందుకి అది," అన్నాడు జనార్దన్ ఆఫీసు గుమ్మంలోంచి. "పాతది మొక్కలకే. కలపొద్దు." ఇంకేదో అనబోయాడు. అంతలో ఫోన్ మోగింది. సూర్యాపేట వైపు రైతెవరో అంట్లు కావాలంటున్నాడు. జనార్దన్ గోడ వారగా ఉన్న యూరియా బస్తా వైపు చూశాడు. "ఉన్నాయండి. ఆకులు కాస్త చిన్నగానే ఉంటాయి, మెరుపు ఉండదు. వచ్చి చూసుకుని తీసుకెళ్లండి," అన్నాడు.

అన్నమ్మ పాత పంపు మూత తీసి వాసన చూసింది. ఒకటో నీళ్లు కడిగి గుంటలో పోసింది. రెండోది పోసింది. మూడోది చేతిలో పట్టుకుని ఒక్క క్షణం ఆగి, అది కూడా గుంటలోనే పోసింది; పాత బీరపీచుతో తోమి నాలుగో నీళ్లు కూడా పారబోసింది. తరువాత ఎండిన తీగల్ని కట్టెల నుంచి లాగేసింది. మన్ను మీది పైపొర పారతో తీసి అవతల పారేసింది. పెంట దిబ్బ దగ్గర్నుంచి మంచి మన్ను తట్టతో మోసుకొచ్చింది. కొంగు ముడి విప్పి నాలుగు బీర గింజలు తీసింది.

నాగేష్ పక్కన నిలబడి చూస్తున్నాడు. "రెండు పంపులయినయి గదక్కా. ఇగ పాదెందుకు?"

ఆమె గింజల్ని మన్నులోకి వేలితో అదిమి, పైన దోసెడు నీళ్లు చల్లింది.

"కూరకు," అన్నది. పంపు వీపుకెత్తుకుని మళ్లలోకి నడిచింది. ఒక్క సంచి కూడా కదలలేదు.